కడిగేసిన నాలుగు నిమిషాలు

వీడియో ఎడిటింగ్ నేర్చుకుంటున్నామనే పిల్లలు ఈమధ్య మా ఊళ్లో వాడకొకరు తయారయ్యారు. ఫోన్ మీద వేలితో అటు తోసి ఇటు తోసి పెళ్లి వీడియోలు కత్తిరిస్తుంటారు. నేనూ ఒకప్పుడు ఆ పనే చేశానంటే నవ్వుతారు. జగిత్యాల వైపు నుంచి గల్ఫ్‌కు పోయినవాడు రాడ్లు కట్టాలి, లేదా ఇటుకలు మొయ్యాలి. ఇంకో పని అక్కడ ఉంటుందని ఎవరికీ తోచదు. నేనూ మోశాను, రెండేళ్లు. ఆ తర్వాత ముప్పై ఏళ్లకు పైగా బహ్రెయిన్‌లో ఒక వీడియో దుకాణంలో కూర్చున్నాను. అక్కడ కూర్చుని చేసిన ఒక తప్పు గురించి రాస్తున్నాను. గల్ఫ్ నుంచి వచ్చినవాడు రాస్తున్నాడంటే కష్టపడి పైకొచ్చిన కథే అయ్యుంటుందని అనుకునేవాళ్లు ఇక్కడే ఆగిపోవచ్చు. నాకేం కోపం రాదు.

క్యాంపులో పాడైన రేడియోలు, టేప్‌రికార్డర్లు బాగుచేస్తానని నాకు పేరు పడింది. ఆ పేరు ఎక్కడెక్కడో తిరిగి ఒక దుకాణం కఫీల్, అంటే వీసా ఇచ్చే అరబ్బు యజమాని, చెవిన పడితే ఆయన నా వీసా తన మీదికి మార్పించుకున్నాడు. మనామాలో, మహూజ్ వెళ్లే దారిలో, రెండు షట్టర్ల దుకాణం. సినిమా క్యాసెట్లు అద్దెకిచ్చేవాళ్లం. నాకంటే ముందునుంచీ అక్కడ ఒక మలయాళీ ఉన్నాడు. వాళ్ల భాషలో అన్నయ్యను చేట్టన్ అంటారు. నేనూ అదే పిలుపు పట్టుకున్నాను. బక్కపలుచని మనిషి, మాట పొదుపు. సినిమాల దుకాణంలో పనిచేస్తూ ఒక్క సినిమా కూడా పూర్తిగా చూడని మనిషి లోకంలో ఆయనొక్కడే అనుకునేవాణ్ణి. కొన్నాళ్లకు నేను రెండోవాణ్ణయ్యాను.

అద్దెకివ్వడం పైకి కనిపించే పని. వెనక గదిలో మేం చేసే పనికి చేట్టన్ పెట్టిన పేరు కడగడం. బయటి దేశాల నుంచి వచ్చిన క్యాసెట్లలో ముద్దులు, పడకగది సీన్లు ఉంటే అవి తీసేసి, పిల్లాజెల్లాతో కూర్చుని చూసేలా ఇంకో కాపీ తయారుచెయ్యాలి. రెండు మిషన్లు పక్కపక్కన పెట్టుకుని ఒకదాంట్లో సినిమా నడిపిస్తూ రెండోదాంట్లోకి ఎక్కించేవాళ్లం. తీసెయ్యాల్సింది రాగానే రెండోదాన్ని ఆపి, మొదటిదాన్ని గబగబా ముందుకు తోలి, అది దాటాక మళ్లీ ఎక్కించడం. కాపీ అయిపోయాక అసలు క్యాసెట్ మీద ఏవో కుస్తీ పోటీలు ఎక్కించి చెరిపేసేవాళ్లం. అలాంటి సరుకు దుకాణంలో దొరికితే షట్టరుకు తాళం పడుతుంది.

మొదటిరోజే చేట్టన్ పని నేర్పాడు. ఇద్దరికీ కలిసిన భాష హిందీ.

"కథ చూడకు భాయ్. కథ చూస్తే చెయ్యి ఆలస్యమవుతుంది. మంచం కనిపిస్తే ఆపు. మంచం పోతే మొదలుపెట్టు. అంతే పని."

నాకు నవ్వొచ్చింది. మా టౌన్లో ఒక టాకీసులో ఉదయం ఆటకు బిట్లు కలిపేవాళ్లు. ఏదో దయ్యాల సినిమా నడుస్తుండగా, దాంతో ఏ సంబంధమూ లేని ఆడమనిషి ఒకతి ఉన్నట్టుండి తెర మీదికొచ్చి స్నానం చేసి పోయేది. దానికోసం కాలేజీ ఎగ్గొట్టి నేల టికెట్టులో కూర్చున్న ఘనుణ్ణి నేను. ఆమె ఎవరు, ఏ సినిమాలోది, పేరేమిటి అని మాలో ఎవడూ అడిగిన పాపాన పోలేదు. అక్కడ కలపడం చూసి వచ్చినవాణ్ణి, ఇక్కడ తీసెయ్యడం నేర్చుకున్నాను.

నెల తిరిగేసరికి చేట్టన్ కంటే వేగంగా కడుగుతున్నాను. అరబ్బీ, ఇంగ్లీషు, ఫ్రెంచి, టర్కీ, ఏ భాషైనా నాకొకటే. మంచం రాగానే చెయ్యి దానంతటదే బటన్ మీదికి పోయేది. ముందుకు తోలుతున్నంతసేపూ చాయ్ తాగుతూ, ఓరకంట మంచం అంచు చూస్తూ ఉండేవాణ్ణి. మంచం మీద ఉన్న మనిషి ఏం చేస్తోందో నా చూపుకు ఆనేది కాదు. కడిగిన ప్రతి క్యాసెట్ అట్ట మూలన నా గుర్తుగా తెలుగులో 'క' అని రాసేవాణ్ణి. తనిఖీకి వచ్చినవాళ్లకు అది అర్థం కాదు, మాకు అవుతుంది. ఈ తెలివికి కఫీల్ నా భుజం తట్టాడు కూడా.

తర్వాత క్యాసెట్ల కాలం పోయింది. సీడీలు వచ్చాయి, అవీ పోయాయి. చేట్టన్ ఊరికి వెళ్లిపోయాడు. రెండు షట్టర్లలో ఒకటి జ్యూస్ షాపువాడికి ఇచ్చేశారు. మిగిలినదాంట్లో నేనొక్కణ్ణే ఫోన్ కవర్లు అమ్ముతూ, జిరాక్సులు తీస్తూ, ఎవరైనా పాత క్యాసెట్లు తెస్తే పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి ఇస్తూ కాలక్షేపం చేస్తున్నాను. నేను ఊరికి వచ్చెయ్యడానికి కొన్ని నెలల ముందు జరిగింది ఈ సంగతి.

ఒక పొద్దున మా ఇంటిదానితో ఫోన్లో మాట్లాడుతుంటే ఇద్దరు ఆడవాళ్లు దుకాణంలోకి వచ్చారు. ఒకామె పెద్దావిడ, డెబ్బై దాటినట్టుంది. చేతిలో కర్ర ఉన్నా నడుము నిటారుగా ఉంది, పెదాలకు రంగు ఉంది. రెండో ఆమె మనమ్మాయే. ఆ పెద్దావిడను చూసుకునే పనిమనిషని నిలబడిన తీరులోనే తెలుస్తోంది. నేను ఫోన్ పెట్టేసేదాకా ఆగి పలకరించింది.

"అన్నయ్యా, మీరు తెలుగోళ్లాండీ? ఇన్నేళ్లనుంచీ ఈ సందులోనే తిరుగుతున్నాను, తెలీనేలేదండి."

"జగిత్యాల దిక్కు, చెల్లె. నీదెక్కడ?"

"రాజోలు దగ్గరండి. మా మామాకి క్యాసెట్ పనుందంటే తీసుకొచ్చానండి. వెనక వీధిలోనే మా ఫ్లాటు."

గల్ఫ్ ఇళ్లల్లో యజమానురాలిని మామా అంటారు. ఎన్నేళ్లు విన్నా ఆ పిలుపుతో నాకు మా మేనమామ మీసాలే గుర్తొస్తాయి. ఈ మామా మాత్రం టర్కీ ఆవిడ. నాతో అరబ్బీలో మాట్లాడింది, నేనూ అరబ్బీలోనే జవాబిచ్చాను. ఇద్దరిదీ అరువు భాషే కాబట్టి ఎవరి తప్పులకు ఎవరూ నవ్వుకోలేదు.

"మామా హీరోయినండి అన్నయ్యా, వాళ్ల దేశంలో," అంది చెల్లె, తన సొంత పిన్ని గురించి చెబుతున్నంత గర్వంగా.

హీరోయిన్ అన్న మాట పెద్దావిడకు అర్థమైంది. చెయ్యి అడ్డంగా ఊపింది.

"చవక సినిమాలు. వారం రోజుల్లో తీసేసేవాళ్లు. అన్నిట్లో ఒకే ఫ్లాటు, ఒకే దుప్పటి."

క్యాసెట్ ఎంతసేపుంటే ఎక్కించడానికి అంతసేపు పడుతుంది, సాయంత్రం రమ్మన్నాను. వినలేదు. ఇక్కడే కూర్చుని చూస్తానంది. కుర్చీ వేశాను, మిషన్ నడిపించాను. అది నడుస్తుండగా తన సంగతి తనే చెప్పింది, అడక్కుండానే.

ఆ రోజుల్లో వాళ్ల దేశంలో ఇళ్లల్లోకి టీవీలు వచ్చి, కుటుంబాలు సినిమాహాళ్లకు రావడం మానేశాయట. హాళ్లల్లో మగవాళ్లు మాత్రమే మిగిలారు. వాళ్లకోసం ఈ సినిమాలు పుట్టుకొచ్చాయి. ఆమె అప్పటిదాకా నాటకాల్లో చిన్నచిన్న వేషాలు వేసేది. పూట గడవక ఒప్పుకున్నానని దాపరికం లేకుండా చెప్పింది. సినిమాల్లో వేసిన పేరు ఆమె అసలు పేరు కాదు. గొంతు ఆమెది కాదు, ఇంకెవరితోనో డబ్బింగ్ చెప్పించేవాళ్లు. కొన్నిచోట్ల ఒళ్లు కూడా ఆమెది కాదట. హాళ్లవాళ్లు ఎక్కడివో ముక్కలు తెచ్చి ఆమె ముఖానికి అతికించి ఆడించేవాళ్లు. ఆ మాట వినేసరికి మా టాకీసు ఉదయం ఆట గుర్తొచ్చి నేను తల దించుకుని వైర్లు సర్దాను. సైన్యం పాలన వచ్చాక ఆ సినిమాలు ఆగిపోయాయి. పెద్ద తారలు మళ్లీ పెద్ద సినిమాల్లోకి వెళ్లారు. ఈమెను మళ్లీ ఎవరూ పిలవలేదు. ఓడల సామాన్ వ్యాపారం మీద అక్కడికి వచ్చిన బహ్రెయిన్ ఆయనొకరు ఈమెను పెళ్లి చేసుకుని ఇక్కడికి తెచ్చుకున్నాడు.

"ఈ ఒక్క సినిమాలో నాలుగు నిమిషాలున్నాయి," అందామె తెర మీంచి చూపు తిప్పకుండానే. "మాటలు లేవు. మాటలు లేవు కాబట్టి ఇంకొకరి గొంతు లేదు. మగాడు వెళ్లిపోయాక గదిలో నేనొక్కదాన్నే ఉంటాను. ఆ దర్శకుడికి ఏం బుద్ధి పుట్టిందో, ఫిల్ము అయిపోయేదాకా తియ్యమన్నాడు. నా మొత్తం సినిమాల్లో నేను నటించింది ఆ నాలుగు నిమిషాలే."

భర్త ఈ క్యాసెట్‌ను అప్పట్లో ఏదో దుకాణానికి పంపి శుభ్రం చేయించాడట. చెడ్డది తీయించేశాను, నీ సినిమా నీకు మిగిలింది అని చేతిలో పెట్టాడట. ఆయన బతికి ఉన్నంతకాలం ఆ ఊసు ఇంట్లో ఎత్తకూడదు కాబట్టి బీరువాలో పెట్టి ఒక్కసారీ వేసి చూడలేదు. ఆయన మంచివాడేనని రెండుసార్లు చెప్పింది.

గంట దాటాక ఆమె ముందుకు వంగింది. తెర మీద పాతికేళ్ల ఆమె తలుపు తీసింది. ఒక మగాడు లోపలికి వచ్చాడు. "ఇప్పుడు," అంటూ ఆమె చెల్లె మోచెయ్యి పట్టుకుంది. తెర కిందినుంచి పైకి సన్నటి తెల్లగీత ఒకటి పాకింది. ఆ వెంటనే వీధి, బస్సు, జనం.

"మిషన్ దాటేసింది. వెనక్కి తిప్పు," అంది.

తిప్పాను. తలుపు, మగాడు, గీత, బస్సు. మళ్లీ తిప్పమంది. మూడోసారి అయ్యాక ఆమె చెల్లె మోచెయ్యి వదిలేసింది. నేను క్యాసెట్ అట్ట చేతిలోకి తీసుకున్నాను. మూలన, రంగు వెలిసిపోయి, నా చేతిరాతలో 'క'.

"టేపు పాతదైంది మేడమ్. అక్కడ పాడైపోయింది," అన్నాను. నోట్లోంచి అదే వచ్చింది.

మర్నాడు చెల్లె ఒక్కతే వచ్చింది, స్టీలు గిన్నెలో చేపల పులుసు పట్టుకుని. పులుసు కౌంటరు మీద పెట్టి ఏడుపు ఆపుకుంటూ చెప్పింది.

"మామాకి ఒక్కర్తే కూతురండి అన్నయ్యా. సీఫ్ ఏరియాలో పెద్ద ఆఫీసులో చేత్తది. ఆఫీసులో ఎవడో ఎదవ ఆవిడ ఫోనుకి మామా సినిమా ముక్కలు పంపాడంటండి. కూతురు గుమ్మం తొక్కి అయిదు నెల్లయ్యిందండి. మామా రోజూ ఫోన్ చేత్తారు, ఆవిడ ఎత్తదండి. మొన్న ఎత్తిందండి. 'నాది ఒక్క సీను చూడు, ఆ తర్వాత నీ ఇట్టం' అన్నారండి మామా. ఈ శుక్రవారం వత్తానందండి. ఇప్పుడు చూపిత్తానికి ఆ సీను లేదు. డాక్టరుగారు చూత్తేనేమో గుండె ఇంకెన్నో రోజులు లాగదన్నారండి."

ఆ సీన్లో ఏముంటుందో ఆ క్షణాన చెల్లెను అడిగి ఉండొచ్చు. ఆ ఇంట్లో పదేళ్లుగా ఉంటోంది, వినే ఉంటుంది. నాకు ఆ ఆలోచనే రాలేదు. కథ చూడొద్దని నేర్చుకున్నవాణ్ణి. ఎక్కడైనా ఇంకో కాపీ దొరుకుతుందేమో చూస్తానని మాత్రం చెప్పి పంపించాను.

ఆ మధ్యాహ్నం షట్టరు సగం దించి ఇంటర్నెట్లో వెతికాను. ఆమెకు పెట్టిన ఆ దొంగ పేరు కొడితే ముక్కలు కుప్పలుగా వచ్చాయి. ముసలి వయసులో అవన్నీ చూస్తూ కూర్చోవాల్సి వచ్చినందుకు నా మీద నాకే రోత పుట్టింది. ఈ సినిమా ముక్క కూడా దొరికింది. అదే తలుపు, అదే మగాడు. వాడు లేచి చొక్కా గుండీలు పెట్టుకోవడంతో ఆ ముక్క అయిపోయింది. అక్కడ ఎవడో ఇంకొకడు కత్తిరించాడు. వాడికి ఒళ్లు కావాలి, అది అయిపోయాక మిగిలింది వాడికి దండగ. నాకు ఒళ్లు పనికిరాదు, దాంతోపాటు మంచం మీద మిగిలిందంతా తీసి పారేశాను. ఎదురెదురు పనులు చేసే మేమిద్దరం కలిసి ఆ నాలుగు నిమిషాలను లోకంలో లేకుండా చేశాం.

చేట్టన్‌కు ఫోన్ చేశాను. చెవులు సరిగా వినిపించడం లేదాయనకు, అరిచి చెప్పాల్సి వచ్చింది. ఆ టర్కీ సినిమా గుర్తుందా అంటే, "కడిగిన నీళ్లలో ఏం పోయిందో ఎవడు చూశాడు భాయ్," అన్నాడు. మళ్లీ తనే, "ఆమెకు చెప్పెయ్. ఈ వయసులో నిన్ను ఎవడేం చేస్తాడు," అన్నాడు. ఆయన జీవితంలో నాకు చెప్పిన రెండో పాఠం అది. సగమే పాటించాను.

బుధవారం నాడు వాళ్ల ఫ్లాటుకు వెళ్లాను. చెల్లె చాయ్ తెచ్చి పెట్టి వంటింట్లోకి పోయింది. నేను కూర్చోకుండానే చెప్పాను.

"మేడమ్, టేపు పాడవలేదు. ఆ ముక్క తీసేసింది నేనే. అట్ట మీద గుర్తు నాది. అసలు క్యాసెట్ చెరిపేసింది కూడా నేనే అయ్యుంటాను."

తిడుతుందనుకున్నాను. కర్ర విసిరినా పడదామనుకునే వెళ్లాను. ఆమె నా ముఖంలోకి చూసింది. ఆ తర్వాత ఆమె ముఖం వెలిగింది. అది నేను ఎదురుచూడని సంగతి.

"అయితే నువ్వు చూశావు," అంది.

నేను నోరు తెరిచేలోపే ఆమె అందుకుంది.

"నా భర్త చూడలేదు. హాళ్లల్లో మగవాళ్లు అప్పటికి లేచి వెళ్లిపోయేవాళ్లు, వాళ్ల పని అయిపోయేది కదా. ఆ సినిమా తీసినవాళ్లలో ఎవరూ మిగల్లేదు. నువ్వు కత్తిరించావంటే చూసే కత్తిరించి ఉంటావు. నా కూతురికి నువ్వు చెప్పు. నేను చెబితే గొప్పలనుకుంటుంది. నువ్వు పరాయివాడివి, నువ్వు చెబితే నమ్ముతుంది."

చూడలేదమ్మా, నేను చాయ్ తాగుతూ మంచం అంచు చూస్తూ కూర్చున్నాను అని చెప్పాలి. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది. కానీ నలభై ఏళ్ల తర్వాత తన సీను చూసిన మనిషి ఒకడు ఎదురుపడ్డాడని ఆమె నా చెయ్యి పట్టుకుంది. నేను తలూపాను. పనిలో ఎన్నో పొరపాట్లు చేశాను గానీ, తెలిసి చేసిన తప్పులు ఆ తలూపడంతోనే మొదలయ్యాయి.

"సీను ఒకసారి చెబుతారా మేడమ్, గుర్తు చేసుకుంటాను," అని గుమ్మం దగ్గర అడిగాను. ఆమె నవ్వి, చూసినవాడికి నేను చెప్పేదేముంది అంది.

శుక్రవారం నమాజు అయ్యాక దుకాణానికి వచ్చారు, చెల్లెతో కలిపి ముగ్గురూ. కూతురికి నలభై పైన ఉంటుంది. ఒంటినిండా కప్పే నల్ల అబాయా, చేతిలో కారు తాళాలు. తల్లి కుర్చీలో కూర్చుంది, కూతురు నిలబడే ఉంది. ఇద్దరి మధ్య ఇంకో కుర్చీ ఖాళీగా ఉంది. నేను తెర మీద ఆ భాగం వేశాను. తలుపు, మగాడు, గీత, బస్సు.

"ఇంతేనా?" అంది కూతురు. "దీనికేనా నన్ను రమ్మన్నావు? మిగిలింది నేను ఫోన్లో చూశానులే."

తల్లి నావైపు చెయ్యి చూపింది.

కూతురు నావైపు తిరిగింది. "నువ్వు చూశావట కదా. ఏం చేసింది మా అమ్మ?"

ఎడిటింగ్ నేర్చుకునే పిల్లలూ, ఆ ప్రశ్నకు నాకు జవాబు తెలీదు. అయితే నేను సినిమాలు చూస్తూ పెరిగిన ఊరివాణ్ణి. మగాడు వాడుకుని వెళ్లిపోయాక ఆడది గదిలో ఒంటరిగా మిగిలితే ఏం చేస్తుందో మా టాకీసులో చంటిపిల్లవాణ్ణి అడిగినా చెబుతాడు. క్షణం కూడా తడుముకోలేదు.

"ఏడ్చారు," అన్నాను. "చాలాసేపు ఏడ్చారు. గొంతు బయటికి రాకుండా. చూస్తుంటే నాకే కళ్లు తడిశాయి."

ఆ చివరి మాట ఎందుకు కలిపానో ఇప్పటికీ తెలీదు. కలపడం నాకు మొదటినుంచీ వచ్చు కాబోలు.

కూతురి చేతిలో తాళాలు ఆగిపోయాయి. మెల్లగా వచ్చి ఖాళీ కుర్చీలో కూర్చుంది. గొంతు మారిపోయింది.

"నీకు ఇష్టం లేదు కదమ్మా? బలవంతంగా చేయించారు కదా? అందుకే ఏడ్చావు కదా?"

పెద్దావిడ నావైపు చూసింది. కోపంగా చూడలేదు. అడ్రసు పట్టుకుని వచ్చి తలుపు తడితే వేరే ఎవరో తీసినప్పుడు చూస్తామే, అలా చూసింది. తర్వాత కూతురి వైపు తిరిగి ఆమె తల మీద చెయ్యి వేసింది.

"అవును," అంది. "ఏడ్చాను."

కూతురు తల్లి ఒళ్లో ముఖం పెట్టుకుని బిగ్గరగా ఏడ్చింది. నాకు గుండె మీంచి బండ దించినట్టయింది. అబద్ధమైతే అయింది, పని జరిగిందనుకున్నాను. కూతురు తల్లి భుజం పట్టుకుని కారుదాకా నడిపించుకుంటూ తీసుకెళ్లింది. చెల్లె మాత్రం క్యాసెట్ తీసుకోవడానికని వెనక ఉండిపోయింది.

"చూశావా చెల్లె, ఎట్లయితేంది, తల్లీబిడ్డ కలిసిన్రు," అన్నాను.

ఆమె క్యాసెట్ సంచిలో పెట్టుకుని అక్కడే నిలబడింది.

"అన్నయ్యా, మీరు ఆ సీను చూళ్లేదు కదండీ?"

నేను మిషన్ ప్లగ్గు పీకి వైర్లు చుట్టసాగాను.

"ఆ సీనులో మామా ఏడవరండి. నాకు వందసార్లు చెప్పుంటారు. ఏడవమని డైరెక్టరు కళ్లలో గ్లిజరిన్ వెయ్యబోతే ముఖం పక్కకి తిప్పేసుకున్నారంటండి. కెమెరా తిరుగుతుంటే లేచి, ఆ దుప్పటి నాలుగంచులూ కలిపి, నలగకుండా మడతపెట్టి, మంచం మీద పెట్టి, దాని పక్కన కూర్చున్నారంటండి. అంతేనండి. ఫిల్ము అయిపోయేదాకా అలా కూర్చునే ఉన్నారంటండి. 'ఏడిస్తే అందరిలాంటి దాన్నే, ఏడవలేదు కాబట్టే అది నేను' అంటారండి. కూతురికి చెప్పాలనుకుంది అదేనండి."

బయట కారు హారన్ కొట్టింది. చెల్లె వెళ్లిపోయింది.

కూతురు తల్లిని తన ఇంటికి తీసుకెళ్లింది, చెల్లెను కూడా. పెద్దావిడ అక్కడ మూడు నెలలు బతికింది. కూతురు రోజూ దగ్గర కూర్చుని అన్నం పెట్టేదని చెల్లె ఫోన్లో చెప్పింది. అది విని, ఏమైతేనేం ఆమెకు కావలసింది దొరికింది కదా అని నాకు నేను సర్దిచెప్పుకున్నాను. సర్దిచెప్పుకోవడంలోనూ నాది మంచి వేగమే. కానీ కూతురికి దొరికింది ఏడ్చిన తల్లి. ఏడవని తల్లి అయితే ఆ చెయ్యి అంత తేలిగ్గా పట్టుకునేది కాదేమో. ఆ సంగతి పెద్దావిడకు ఆ కుర్చీలోనే అర్థమై ఉంటుంది. తన జీవితం మొత్తంలో తనదని చెప్పుకున్న ఒకే ఒక్క సీను ఇచ్చి కూతుర్ని తెచ్చుకుంది. ఆ పని ఆమె చేత చేయించింది నేను.

ఇక్కడితో అయిపోయి ఉంటే ఇది రాసేవాణ్ణి కాదు.

ఆమె పోయిన కొన్ని వారాలకు కూతురు దుకాణానికి వచ్చింది. నల్లబట్టల్లోనే ఉంది, ముఖం పీక్కుపోయింది. ఇస్తాంబుల్‌లో ఒకాయన ఆ కాలం సినిమాల్లో నటించిన ఆడవాళ్ల గురించి పుస్తకం రాస్తున్నాడట. వాళ్ల అమ్మ గురించి ఆయన దగ్గర రెండు వరుసలున్నాయి, ఆ దొంగ పేరూ కొన్ని సినిమాల పేర్లూ. ఈమె ఆ సీను సంగతి చెబితే, చూసినవాళ్లు ఎవరైనా ఉంటేనే రాస్తానన్నాడట. ఫోన్ కలిపి కౌంటరు మీద పెట్టింది. ఆయన ఇంగ్లీషులో అడుగుతుంటే ఈమె అరబ్బీలో నాకు చెప్పింది.

మర్యాదస్తుడు. నా పేరు అడిగాడు, ఎన్నేళ్లు ఆ పని చేశానో అడిగాడు. ఆ సీను చూసినవాళ్లలో తనకు దొరికింది నేనొక్కణ్ణేనని, అందుకని నెమ్మదిగా గుర్తుచేసుకుని చెప్పమని అన్నాడు.

"సీను మొదట్లో ఆమె ఎక్కడుంటుంది?"

"మంచం మీద."

"ఏం చేస్తుంది?"

దుప్పటి నా నోటిదాకా వచ్చింది. నాలుగంచులు, మడత, పక్కన కూర్చోవడం. నేను చూడకపోయినా నాకు తెలిసిన నిజం అది. కూతురు కౌంటరు మీద రెండు చేతులూ ఆనించి నా పెదాలనే చూస్తోంది. ఆ మాట నేనంటే, ఆ రోజు చెప్పిందేమిటని అడుగుతుంది. తల్లి తన తల మీద చెయ్యి వేసి చెప్పింది కూడా అబద్ధమేనని తెలుస్తుంది. తల్లి పోయి నలభై రోజులు కూడా కాలేదు.

"ఏడుస్తారు," అన్నాను.

"ముఖం కెమెరా వైపే ఉంటుందా?"

"అవును."

అవతల ఆయన టైప్ చేసుకుంటున్న చప్పుడు వినిపించింది. చాలాసేపు టైప్ చేశాడు. కూతురు కళ్లు తుడుచుకుని నాకు రెండుసార్లు షుక్రన్ అని కృతజ్ఞత చెప్పి వెళ్లింది.

ఆ నెలలోనే వీసా రద్దు చేయించుకుని ఊరికి వచ్చేశాను. ఆ పుస్తకం అచ్చయిందో లేదో తెలీదు. అయి ఉంటే, తమ సినిమా చరిత్ర చదువుకునే టర్కీ పిల్లలకు అందులో ఒక ఆడమనిషి మంచం మీద కూర్చుని ఏడుస్తూ కనిపిస్తుంది. ఆమె గురించి అందులో ఇంకేమీ ఉండదు.

ఆ సీనులో ఆమె ఏడవలేదు. నేను ఆ సీను చూడలేదు. ఆ రోజు ఫోన్లో ఆయనకు చెప్పాల్సింది ఈ రెండు మాటలే.